మంచి చోటే పడింది

ఎడమకన్ను మూస్తే గోడ తెల్లగా ఉంది. కుడికన్ను మూస్తే అదే గోడ టీ డికాక్షన్లో ముంచి ఆరేసినట్టుంది. సర్వేయరు రెండు కళ్లూ మార్చి మార్చి మూసి చూశాడు. కుడికంటి శుక్లం తీసి ఇరవై ఆరు రోజులైంది. ఈ ఆట అతనికింకా విసుగు పుట్టలేదు.

"ఎవరికి కన్ను కొడుతున్నారు?" అంది పక్క కుర్చీలో ఉన్న భార్య.

"గోడకి."

"గోడే నయం. తిరిగి ఏమీ అనదు."

లోపలికి పిలిచారు. డాక్టరమ్మ గది చీకటిగా ఉంది. ఎదురుగా అక్షరాల పట్టిక ఒక్కటే వెలుగుతోంది. సర్వేయరు గడ్డం పలక మీద ఆనించి, చెప్పిన వైపల్లా చూశాడు. తర్వాత పట్టిక చదివాడు. ఆఖరి వరస కూడా చదివాడు.

"ఆ కింద అచ్చు వేసిన ప్రెస్సు పేరు కూడా ఉంది. అదీ చదవమంటారా?"

"వద్దు. చదివారని నమ్ముతున్నాను," అంది డాక్టరమ్మ. ఏదో రాసుకుంది.

"శనివారం ఆడొచ్చా?"

ఆమె పెన్ను కింద పెట్టింది. ఈ ప్రశ్న ఆయన మొదటి రోజు నుంచీ అడుగుతున్నాడు. ఆపరేషన్ బల్ల మీద, కంటికి మత్తు చుక్కలు వేసిన తర్వాత కూడా అడిగాడు.

"ఆడండి. కానీ చేతులు భుజం దాకానే ఎత్తండి, అంతకన్నా వద్దు. కళ్లజోడు తియ్యకండి. చెమట పడితే చేత్తో రుద్దకండి, ఉతికిన గుడ్డ పెట్టుకుని బుగ్గ వరకే అద్దుకోండి. మొదటి వారం మీ కంట్లో ప్రెషర్ ఎక్కిందిగా, అందుకని వంగడం ఇంకో పది రోజులు మానెయ్యండి. తల గుండె కన్నా కిందికి రాకూడదు. బంతి ఇసుకలో పడితే ఆ ఇసుకలోకి దిగొద్దు."

"మరి బంతి పైకెవరు తీస్తారు?"

"మీకు మనిషి లేరా?"

"ఉంది. డేగ."

డాక్టరమ్మ అతని భార్య వైపు చూసింది. "గోల్ఫ్ కర్రల సంచి మోసే ఆవిడ లెండి, కేడీ," అంది భార్య. "బంతి ఎంత దూరం పోయినా ఎక్కడ పడిందో చెప్తుంది. అందుకని అక్కడందరూ అలా పిలుస్తారు."

"అయితే ఆవిణ్ణే వంగమనండి. ఇంకో సంగతి. ఇప్పుడు ఒక కన్ను కొత్తది, ఒకటి పాతది. రెండూ కలిసి పనిచెయ్యవు. దూరం అంచనా తప్పుతుంది. వచ్చే నెల రెండోది కూడా చేసేదాకా మెట్ల దగ్గర జాగ్రత్త."

"ముప్పై ఆరేళ్లు దూరాలు కొలిచానమ్మా నేను."

"గొలుసుతో కొలిచారు. కంటితో కాదు."

భార్య నవ్వు ఆపుకోలేదు. బయటికొచ్చాక కూడా నవ్వుతూనే ఉంది.

అన్నగారి కొట్టు దారిలోనే ఉంది కాబట్టి ఆమె అక్కడ ఆగుదామంది. ఆమె అన్న టైలరు. సర్వేయరు ఆయన్ని బావా అంటాడు, ఆయనా సర్వేయరుని బావా అంటాడు. ముప్పై ఏళ్లుగా వాళ్లిద్దరి మధ్యా వేరే పిలుపు లేదు. ప్రతి శనివారం పొద్దున ఇద్దరూ మునిసిపాలిటీ మైదానంలో తొమ్మిది హోల్స్ ఆడతారు. తక్కువ దెబ్బలతో ముగించినవాడి పేరు పలక మీద సుద్దతో రాసి వారమంతా ఉంచుతారు.

కొట్టులో మేనకోడలు మిషను తొక్కుతోంది. టైలరు వెనక బల్ల దగ్గర, గోడవైపు తిరిగి కూర్చుని ఉన్నాడు. ముక్కు చివర దగ్గరచూపు అద్దాలు. ఒళ్లో తన గోల్ఫ్ సంచి. చిన్న బ్లేడుతో దాని కుట్లు ఒక్కొక్కటే తెంపుతున్నాడు. తెగిన దారం ముక్కలు మోకాలి మీద రాలి ఉన్నాయి.

"ఏం చేస్తున్నావు బావా?"

"కనపడట్లేదా? కొత్త కన్నేగా." టైలరు తల ఎత్తలేదు. "మంచి కాన్వాసు. విప్పితే కూరగాయల సంచులు రెండొస్తాయి."

"శనివారం ఆట ఉంది."

"ఉంది. వస్తాను. అదే ఆఖరు." బ్లేడు ఇంకో కుట్టు కింద దూర్చాడు. "రెండేళ్లలో ఒక్కసారీ గెలవలేదు నేను. నువ్వేమో కళ్లు కనపడకుండా కొడతావు. నేను కళ్లు తెరుచుకుని ఓడిపోతాను. నాకెందుకు చెప్పు ఇంక ఆ ఆట?"

"ఆటన్నాక..."

"ఆట సంగతి కాదు బావా. చెయ్యి సంగతి."

మేనకోడలు మిషను ఆపి అత్తయ్యని తలుపు దగ్గరికి తీసుకుపోయింది. సర్వేయరుకి ఆ మాటలు కొన్ని వినపడ్డాయి. నాన్న కత్తెర పట్టడం మానేశాడు అత్తయ్యా. గుడ్డ పరిచి, గీత గీసి, నన్ను కొయ్యమంటాడు. గీత తప్పుతుందేమోనంటాడు. తప్పట్లేదు. కొలిచి చూశాను నేను. చెప్తే వినడు.

టైలరు చేతి వంక సర్వేయరు చూశాడు. కొత్త కంటికి ఆ చేతి మీద నరాలు, బొటనవేలి దగ్గర కత్తెర పట్టి కాసిన కాయ, గోరు అంచున అంటిన సుద్ద, అన్నీ కనపడ్డాయి. కుట్టు తెంపేటప్పుడు ఆ చెయ్యి వణకలేదు.

"ఆ చేతికేం, బాగానే ఉంది," అన్నాడు.

"నీకిప్పుడు అన్నీ బాగానే కనపడతాయిలే," అన్నాడు టైలరు.

గురువారం పొద్దున సర్వేయరు మైదానానికి వెళ్లాడు. గ్రీన్ మీద, హోల్ చుట్టూ పొట్టిగా కత్తిరించిన గడ్డి మీద, బంతిని మెల్లగా దొర్లించి చూసుకుందామని. మంచు ఇంకా విడలేదు. నీళ్లు చిమ్మే గొట్టాలు చుట్టూ తిరుగుతున్నాయి. ఒక్కో గొట్టం చుట్టూ ఒక రంగుల ముక్క లేచి పడుతోంది. ఆ రంగుల్లో నీలం అనేది ఒకటుందని అతను మర్చిపోయాడు. కర్ర పట్టుకుని కాసేపు అక్కడే నిలబడ్డాడు.

"రండి సారూ. నీళ్లు రేపు కూడా తిరుగుతాయి."

డేగ సంచి భుజాన వేసుకుని నిలబడి ఉంది. పదకొండేళ్లుగా అతని సంచి ఆమే మోస్తోంది. సర్వేయరు ఆమెని చూశాడు. ఆమె జుట్టు నెరిసిపోయింది. ఇదెప్పుడు జరిగిందో అతనికి తెలియదు.

"నీకు జుట్టు నెరిసింది!"

"మీకు కన్ను బాగైంది," అంది డేగ. "బాగైతే బాగైంది గానీ, ఇలా అందరి మొహం మీదే చెప్పేస్తారా?"

గుడిసెలో స్టార్టరు రిజిస్టరు తెరిచాడు. ఎవరు ముందు మొదలుపెట్టాలో చెప్పేది ఆయనే. వెనక గోడకి పలక వేలాడుతోంది. దాని మీద 'సర్వేయరు' అని ఉంది. నెల్నాళ్లుగా ఆట లేదు కాబట్టి ఎవరూ తుడవలేదు. పక్కనే రేకు మీద మైదానం నిబంధనలు. ఇదివరకు అది అతనికి ఖాళీ అట్టలా కనపడేది. ఇవాళ చదివాడు. ఆరోది: ఆటగాడి బంతిని తనంతట తాను కదిలించిన కేడీకి ఇక్కడ పని ఉండదు.

"మొన్ననే ఒకణ్ణి పంపేశారండీ," అన్నాడు స్టార్టరు, అతని చూపు ఎటుందో గమనించి. "పన్నెండేళ్లుగా ఇక్కడ పనిచేస్తున్న మనిషి. తెల్లారేసరికి లేడు. సరే గానీ, శనివారం మీరే గెలుస్తారుగా? పలక తుడవమంటారా, ఉంచమంటారా?"

"ఉంచండి. కళ్లు పోయినప్పుడే పోలేదు నా చెయ్యి."

అన్నాక అతనికి టైలరు మాట గుర్తొచ్చింది. డేగ సంచి పట్టీ సర్దుకుంది.

గ్రీన్ మీద బంతి గడ్డికి రెండు వేళ్ల ఎత్తున తేలుతున్నట్టుంది. సర్వేయరు కొట్టాడు. కర్ర నేలకి తగిలి ఆగింది. ఎడమకన్ను మూసి కొట్టాడు. బంతి హోల్ దాటి జానెడు పోయింది. కుడికన్ను మూసి కొట్టాడు. సగంలో ఆగింది.

"ఏ కన్నూ మూయకండి సారూ," అంది డేగ. "కాళ్లతో చూడండి. బంతి దగ్గర్నించి హోల్ దాకా నడవండి. ఏ కాలి మీద బరువెక్కువ పడుతోంది?"

"ఎడమ."

"అయితే నేల ఎడమకి జారుతోంది. అంతే. మీరు రెండేళ్లుగా చేస్తోంది అదే. ఇప్పుడు కన్నొచ్చిందని కాళ్లని వదిలేస్తున్నారు."

నడిచి చూసి కొట్టాడు. బంతి వంపు తిరిగి లోపల పడింది. ఆ చప్పుడు చెక్క గిన్నెలో గింజ పడ్డట్టుంది. అలవాటుగా వంగబోయాడు.

"ఆగండాగండి!" డేగ అరిచింది. సంచి వదిలేసి పరుగున వచ్చింది. "అమ్మగారు ఫోన్ చేసి మరీ చెప్పారు. వంగారంటే నా ప్రాణం తీస్తారట."

ఆమె మోకాలు వంచి బంతి తీసింది. సర్వేయరు తల దించలేదు, చూపు మాత్రం దించాడు. ఆమె బూట్లు కనపడ్డాయి. రెండూ ఒకే రోజు కొన్న జతే. ఎడమ బూటు ముందు తోలు బాగుంది. కుడి బూటు ముక్కు మాత్రం అరిగి, తోలు పోయి, గడ్డి పసరు పట్టి ఉంది. మనిషి నడిస్తే బూటు అలా అరగదు. మడమ అరుగుతుంది, పక్కలు అరుగుతాయి. సర్వేయరు ఆ సంగతి గమనించాడు. దాన్నేం చేసుకోవాలో తెలియక వదిలేశాడు.

"శనివారం బావగారు కూడా వస్తారుగా?" అంది డేగ.

"వస్తాడు. అదే ఆఖరట. నా చేతిలో ఓడిపోయి ఓడిపోయి చెయ్యి పోయిందనుకుంటున్నాడు. కొట్టులో కత్తెర కూడా పట్టట్లేదు."

డేగ బంతిని తుండుగుడ్డతో తుడుస్తూ ఉంది. బంతి శుభ్రంగానే ఉంది. ఇంకా తుడుస్తూనే ఉంది.

శనివారం టైలరు కర్రలన్నీ పాత దుప్పటి ముక్కలో చుట్టి, కొలత టేపుతో కట్టి, చంకలో పెట్టుకుని వచ్చాడు. ఆయన కేడీని పెట్టుకోడు, తన బరువు తనే మోస్తాడు.

"కట్టెలు కొట్టుకొచ్చావా బావా?"

"నీ కోసమే. ఇవాళ నన్ను తగలెయ్యడానికి," అన్నాడు టైలరు.

మొదటి రెండు హోల్స్ సమంగా నడిచాయి. సర్వేయరు చేతులు భుజం దాకానే ఎత్తాడు. బంతి అంత దూరం పోలేదు గానీ వంకర పోలేదు. గాల్లోకి లేచిన బంతిని అతను చూడగలిగాడు. నెల కిందటి దాకా కొట్టడం ఒక్కటే అతని వంతు, ఆ తర్వాత డేగ చెప్పేది వినడమే. ఇప్పుడు తెల్లటి చుక్క పైకి వెళ్లి, ఆకాశంలో ఆగి, ఏదో ఆలోచించుకుని దిగుతోంది. అది నేలని తాకేదాకా అతను ఊపిరి బిగపట్టాడు.

మూడో దాంట్లో బంతి ఇసుక గుంటలో పడింది. సర్వేయరు అంచున నిలబడ్డాడు. గుంట లోతు మోకాలెత్తు. బంతి సగం పైకే ఉంది. దిగి ఒక్కటిస్తే వచ్చేస్తుంది.

"సారూ," అంది డేగ.

"తెలుసు." బావ వైపు తిరిగాడు. "రెండు దెబ్బలు కలుపుకుని ఇసుక బయటి నుంచి కొడతాను. దిగనని డాక్టరమ్మకి మాటిచ్చాను."

"డాక్టరు ఇక్కడ లేదుగా!"

"నీ చెల్లెలు ఫోన్ చేసి అడుగుతుంది. అబద్ధం ఎవరు చెప్తారు, నువ్వా?"

టైలరు రెండు చెవులూ పట్టుకున్నాడు. కాగితం మీద రెండు దెబ్బలు కలిపాడు. రెండేళ్లలో మొదటిసారి ముందుకొచ్చాడు. కానీ నాలుగులో ఒకటి, ఆరులో ఒకటి వదిలేసుకున్నాడు. రెండుసార్లూ హోల్‌కి అడుగు దూరంలో నిలబడి, చేతిని ముందూ వెనకా తిప్పి చూసుకుని, ఆ తర్వాత కొట్టాడు. ఆ చూసుకోవడమే బంతిని పక్కకి నెట్టిందని సర్వేయరుకి తెలుస్తూ ఉంది. చెప్పలేదు. ఆరు అయ్యేసరికి మళ్లీ సమం.

ఏడోదానికి కుడిపక్కంతా సరుగుడు చెట్లు. వాటి వేళ్లు నేల మీదికి లేచి ఉంటాయి. మంచు ఇంకా ఆ కొమ్మల్లోనే ఉంది. సర్వేయరు కొట్టిన బంతి కుడికి వాలి చెట్ల మొదట్లోకి పోయింది. టైలరుది ఎడమ గట్టు మీద పడింది. టైలరు తల దించుకుని తన బంతి వైపు నడిచాడు. డేగ ఎప్పట్లాగే సంచితో ముందు వెళ్లింది. బంతి దొరికాక ఆమె చెయ్యెత్తుతుంది. అప్పుడు సర్వేయరు బయల్దేరతాడు. ఇది వాళ్ల అలవాటు.

అతను నిలబడి చూస్తున్నాడు. వంద అడుగుల అవతల, మంచులో, ఆమె వీపు. ఆమె కిందికి చూడలేదు. ఎదురుగా ఉన్న చెట్టుని చూస్తోంది, దాని పేరు గుర్తు తెచ్చుకుంటున్నట్టు. కుడికాలు ఒక్కసారి కదిలింది. నడవబోయి మానుకున్నట్టు, అంతే. చెట్టు వేళ్ల మధ్య నుంచి తెల్లటి చుక్క ఒకటి మెల్లగా గడ్డి మీదికి వచ్చి ఆగింది.

ఆమె చెయ్యెత్తింది.

"మంచి చోటే పడింది, సారూ!"

ఆ మాట అతనికి కంఠతా వచ్చు. రెండేళ్లుగా ప్రతి శనివారం వింటున్నాడు. విన్న ప్రతిసారీ తన చేతి మీద అతనికి ఇంకొంచెం నమ్మకం పెరిగింది. సర్వేయరు నడవడం మొదలుపెట్టాడు. నేల ఎగుడుదిగుడుగా ఉంది. కాళ్లతో చూసుకుంటూ నడిచాడు.

బంతి ఏ అడ్డూ లేని చోట, దువ్విన గడ్డి మీద కూర్చుని ఉంది. గడ్డి నిండా మంచు తడి. ఆ తడి మీద ఒక గీత. వేరు కింది నుంచి బయల్దేరి, కొంచెం ఎడమకి వంగి, బంతి దగ్గర ముగిసింది. సర్వేయరు ఆ గీతని చూశాడు. బారన్నర పొడుగుంటుంది. ముప్పై ఆరేళ్లు గీతలు చూసిన మనిషి. ఏ గీత ఎక్కడ మొదలైందో అతనికి ఎవరూ చెప్పక్కర్లేదు.

తర్వాత ఆమె కుడి బూటు ముక్కు చూశాడు.

డేగ అతని చూపు వెంట తనూ కిందికి చూసింది. సంచి పట్టీ రెండు చేతులా పట్టుకుంది.

"ఎన్నాళ్ల నుంచి?" అన్నాడు సర్వేయరు. గొంతు పెంచలేదు.

"ఒకరోజు మీరు బంతి మీద కాలేసి నిలబడి, అదే బంతి కోసం చుట్టూ వెతికారు సారూ. అప్పట్నించి. ఆ రోజు ఇంటికెళ్తూ నాకు వస్తానని కూడా చెప్పలేదు మీరు. ఇంక రారేమో అనుకున్నాను."

"నేను అడగలేదే నిన్ను."

"అడిగుంటే చేసేదాన్ని కాదు."

ఎడమ గట్టు మీద నుంచి టైలరు కేక వేశాడు. "ఏం బావా! దొరికిందా? మంచి చోటేనా?"

సర్వేయరుకి గుడిసెలో రేకు మీది ఆరో వరస గుర్తొచ్చింది. కూరగాయల సంచులు గుర్తొచ్చాయి. డేగ అతని మొహం వంక చూడటం మానేసింది. భుజం మీంచి సంచి దింపి నేల మీద ఆనించింది, ఇంక మోసేది లేదన్నట్టు.

"సంచి ఎత్తుకో," అన్నాడు.

ఆమె కదల్లేదు.

"ఎత్తుకోమంటున్నానా. తడిస్తే నీ ప్రాణం కూడా తీస్తుంది మా ఆవిడ." గట్టు వైపు తిరిగి చెయ్యూపాడు. "బావా! ఇలా ఓసారి రా!"

టైలరు కట్టెలమోపు చంకలో పెట్టుకుని మైదానం అడ్డంగా వచ్చాడు. వచ్చేసరికి ఆయన బూట్లు ఆ గీత మీదే పడ్డాయి. గీత చెరిగిపోయింది. ముక్కు చివరి అద్దాల మీదుగా బంతిని చూశాడు.

"మంచి చోటే పడిందిగా. దీనికి నన్నెందుకు పిలిచావు, చూసి ఏడవమనా?"

"అది పడింది ఇక్కడ కాదు. అదుగో, ఆ వేరు కింద. నా కాలు తగిలి ఇటొచ్చింది."

"నీ కాలా?"

"నా కాలే. ఒక దెబ్బ రాసుకో. బంతిని మళ్లీ అక్కడే పెట్టించి కొడతాను. డేగా, పెట్టు. రెండు వేళ్లు ఇటు. ఇంకా లోపలికి. ఊఁ, అక్కడ."

డేగ మోకాళ్ల మీద కూర్చుంది. బంతిని చేత్తో పట్టుకుని వేరు కింద, తను తీసిన చోటే పెట్టింది. లేచేటప్పుడు వేరుని పట్టుకుని లేచింది.

"పోనీలే బావా," అన్నాడు టైలరు. "కొత్త కన్ను. తగులుతుంది. దీనికి దెబ్బేంటి?"

"కొత్త కన్ను కాబట్టి కనపడింది. లేకపోతే ఇవాళ కూడా కనపడేది కాదు." సర్వేయరు కళ్లజోడు సర్దుకున్నాడు. "నువ్వోసారి ఆలోచించు. ఈ చెట్ల కిందికి ఇద్దరం ఎన్ని శనివారాలు కొట్టాం? నీ బంతి ప్రతిసారీ వేళ్లలోనే ఇరుక్కునేది. నాది ఒక్కసారైనా ఇరుక్కుందా?"

టైలరు వేరు కింది బంతిని, ఇవతలి గడ్డిని మార్చి మార్చి చూశాడు.

"రెండేళ్లుగా తగుల్తూనే ఉండుంటుంది బావా. నాకు కనపడలేదు."

సరుగుడు కొమ్మల్లోంచి ఒక నీటిబొట్టు టైలరు టోపీ మీద పడింది. ఆయన కట్టెలమోపు కింద పెట్టాడు. అద్దాలు తీసి చొక్కా అంచుతో తుడిచాడు, పెట్టుకున్నాడు, మళ్లీ తీశాడు.

"నేను నీది అదృష్టం అనుకున్నాను."

"నేనూ అదే అనుకున్నాను."

"అంటే నా చెయ్యి..."

"నీ చేతికేమీ కాలేదు."

టైలరు కుడిచెయ్యి పైకెత్తి, అటూ ఇటూ తిప్పి చూసుకున్నాడు. ఎవరో అరువు తీసుకుని ఇప్పుడే తిరిగి తెచ్చిచ్చిన వస్తువుని చూసినట్టు చూశాడు. వేళ్లు ముడిచి, విప్పాడు. సర్వేయరు వంక తిరిగినప్పుడు ఆయన మొహం ఎర్రగా ఉంది.

"ఆ కాలు కోసి నీ మెడకి కుట్టేస్తాను, దొంగ వెధవా!"

"డబుల్ కుట్టు వెయ్యి. ఊడిపోకుండా."

టైలరు నవ్వు ఆపుకోబోయాడు. అది ముక్కులోంచి వచ్చేసింది. మైదానం అవతల ఉన్న స్టార్టరు గుడిసె దాకా వినపడి ఉంటుంది. డేగ మాత్రం నవ్వలేదు. సంచిలోంచి చిన్న కర్ర తీసి సర్వేయరుకి ఇచ్చింది.

వేరు కింది బంతిని గట్టిగా కొడితే కర్ర వేరుకి తగిలి, ఆ అదురు తల దాకా వస్తుంది. సర్వేయరు బంతిని పక్కకి, అరచెయ్యంత ఊపుతో బయటికి జరిపాడు. అక్కడికి రెండు దెబ్బలు వెనకబడ్డాడు. టైలరు గట్టు దగ్గరికి వెళ్లి, చేతిని చూసుకోకుండా, వెళ్లిన అడుగులోనే కొట్టాడు. బంతి గ్రీన్ మీద పడి హోల్‌కి చేరువలో ఆగింది. ఆయన దాన్ని చూస్తూ కర్ర దించడం మర్చిపోయాడు.

మిగిలిన రెండు హోల్స్ లోనూ ఆ రెండు దెబ్బలూ అలాగే ఉండిపోయాయి.

స్టార్టరు పలక తుడిచాడు. రెండుసార్లు తుడవాల్సి వచ్చింది. అన్నాళ్లుగా ఒకే పేరు ఒకే చోట రాయడంతో సుద్ద పలకలోకి ఇంకింది. 'టైలరు' అని రాశాక కూడా కింద పాత పేరు నీడలా కనపడుతూనే ఉంది, చూడగలిగినవాళ్లకి. టైలరు పలకకి దూరంగా, దగ్గరగా, మళ్లీ దూరంగా జరిగి చూసుకున్నాడు. అందరికీ టీ చెప్పాడు. స్టార్టరుకి ఏడో హోల్ కథ రెండుసార్లు చెప్పాడు. రెండోసారి చెప్పేసరికి సర్వేయరు కాలు మొదటిసారి కన్నా పెద్దదైంది.

డేగ గుడిసె వెనక కర్రల మొనలు తడిగుడ్డతో తుడుస్తోంది. సర్వేయరు టీ గ్లాసుతో అక్కడికి వచ్చాడు.

"వచ్చే శనివారం వేరేవాళ్ల సంచి చూసుకోమంటారా సారూ?" అంది, కర్ర వంకే చూస్తూ.

"ఎందుకు?"

ఆమె కర్ర మొనని ఇంకోసారి తుడిచింది.

"బంతి ఎక్కడ పడిందో చెప్పు, చాలు," అన్నాడు సర్వేయరు. "మంచి చోటో కాదో నేను చూసుకుంటాను."

డేగ తలూపింది. తుడిచిన కర్ర సంచిలో పెట్టి ఇంకోటి తీసింది. కొంచెం దూరం వెళ్లాక సర్వేయరు వెనక్కి తిరిగాడు.

"వస్తాను, డేగా."

"మంచిది సారూ," అంది ఆమె.

సాయంత్రం వెలుతురు ఉండగానే భార్య అతన్ని పడక కుర్చీలో వెనక్కి వాలమంది. చేతులు సబ్బుతో కడుక్కుని వచ్చి, కింది రెప్ప లాగి, ఒక చుక్క వేసింది. చుక్క పడ్డాక అయిదు నిమిషాలు కళ్లు మూసుకుని ఉండాలి. రెప్పల వెనక నీలం రంగు మెల్లగా తిరుగుతోంది, గొట్టం నీళ్లలా.

"ఓడిపోయారటగా," అంది.

"ఓడిపోయాను."

"ఇసుకలోకి దిగారా?"

"లేదు."

"వంగారా?"

"లేదు. కావాలంటే మీ అన్నయ్యని అడుగు."

ఆమె నిజంగానే ఫోన్ చేసింది. అటువైపు మేనకోడలు ఎత్తింది. భార్య ఆఁ అంది, ఊఁ అంది, ఎప్పట్నించే అంది. తర్వాత ఏమీ అనకుండా ఫోన్ తెచ్చి సర్వేయరు చెవి దగ్గర పెట్టింది.

అతను కళ్లు తెరవలేదు. ఫోన్లో ఎవరూ మాట్లాడటం లేదు. మిషను నడుస్తోంది. అది మేనకోడలి తొక్కుడు కాదు, ఆమె ఆపి ఆపి తొక్కుతుంది. ఇది ఆగడం లేదు. మందపాటి గుడ్డలోంచి సూది దిగుతున్న చప్పుడు, నెమ్మదిగా, ఒకే ఎడంతో. కాన్వాసు.

సర్వేయరు కుట్లు లెక్కపెట్టడం మొదలుపెట్టాడు. గోల్ఫ్ సంచి పొడుగు అతనికి తెలుసు. సగం దూరం వచ్చినట్టే.